నింగికి నేలమీది లెక్క

‘ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు’ అన్నది తరతరాలుగా తెలుగువారి నోట నలిగిన సామెత. ఈ రెండు పనుల్లోని ప్రయాసను చెప్పడంతోపాటు మరొక సూక్ష్మమైన సత్యాన్ని కూడా ఈ సామెత తనలో దాచుకొన్నది. ఇల్లు కట్టేవాడూ, పెళ్ళి చేసేవాడూ ముందుగా ఒక లెక్క వేసుకొంటారు. పని ముగిసేసరికి వేసుకొన్న లెక్క ఒకచోట, అయిన ఖర్చు మరొకచోట నిలుస్తాయి. ఆ రెండింటి మధ్య దూరమే గృహస్థును అప్పులపాలు చేస్తుంది. ఆ దూరాన్ని ముందుగానే పసిగట్టగలగడం ఒక విద్య. దానికే అంచనా అని పేరు. పూరిల్లు మొదలుకొని అంతరిక్ష నౌక వరకు ఈ విద్యతో పనిలేని నిర్మాణం లేదు.

వికారాబాదు, తాండూరు ప్రాంతాల ప్రజలకు ఈ విద్య కొత్తది కాదు. వికారాబాదు పక్కన అనంతగిరి కొండలు పచ్చగా పరచుకొని ఉన్నాయి. మూసీ నది జన్మస్థానం అక్కడే. ఆ కొండలు దాటి పడమరగా సాగితే నేల రంగు మారుతుంది. తాండూరు పరిసరాలలో పైన నల్లరేగడి, దాని అడుగున నాపరాయి. తెలుగునాట ఎన్నో ఇండ్లలో నేల మీద పరచిన తాండూరు బండ ఈ గనుల నుంచి వచ్చినదే. గని తవ్వించేవాడికి భూమి లోపల ఏముందో కంటికి కనిపించదు. పక్క గనిలో రాయి ఎంత లోతున తగిలిందో, పొరలు ఎంత మందాన ఉన్నాయో, ఎంత రాయి పగిలి వ్యర్థమయిందో తెలుసుకొని, దానిని బట్టి తన గనికి లెక్క కట్టుకొంటాడు. తెలిసినదాని ఆధారంతో తెలియనిదాన్ని ఊహించడమే అతని పద్ధతి.

అదే నేల మీద కంది పండించే రైతు లెక్క మరో తీరుగా ఉంటుంది. తాండూరు కందిపప్పు రుచికి పేరుపొందింది. 2022లో తాండూరు కందికి భౌగోళిక గుర్తింపు కూడా లభించింది. రైతు తొలకరికి ముందే దుక్కికి ఇంత, విత్తనానికి ఇంత, కలుపు తీతకు ఇంత, మందులకు ఇంత, కోతకు ఇంత అని ఒక్కొక్క పనికీ విడివిడిగా ఖర్చు రాసుకొని కూడుకొంటాడు. చివర ‘వాన ముఖం చాటేస్తే’ అన్న భయానికి కూడా కొంత పక్కన పెట్టుకొంటాడు. ఊరి తాపీమేస్త్రీ లెక్క మూడో తీరు. అతను ఇటుకలు లెక్కపెట్టడు. ఇన్ని చదరపు అడుగులు, చదరపు అడుగుకు ఇంత అని నిమిషంలో చెబుతాడు. ఈ ముగ్గురి లెక్కలూ కలిస్తే అంతరిక్ష వ్యయ శాస్త్రంలోని మూడు ప్రధాన పద్ధతులు అవుతాయన్న సంగతి చాలామందికి తెలియదు.

అంతరిక్ష విజ్ఞానానికీ ఈ ప్రాంతానికీ చుట్టరికం కూడా ఉన్నది. హైదరాబాదులో టాటా ఫండమెంటల్ పరిశోధన సంస్థకు చెందిన బెలూన్ కేంద్రం ఉంది. అక్కడి శాస్త్రజ్ఞులు పలుచని పాలిథిన్‌తో చేసిన మహాకాయ బెలూన్లకు పరికరాలు కట్టి స్తరావరణంలోకి పంపుతారు. పని పూర్తికాగానే పరికరాలు బెలూన్ నుంచి విడిపోయి, పారాచూట్ సాయంతో గాలివాటున ఎక్కడో ఒకచోట నేలకు దిగుతాయి. అవి దిగే అవకాశం ఉన్న జిల్లాలలో వికారాబాదు ఒకటి. పొలంలో ఇటువంటి పెట్టె కనిపిస్తే తాకవద్దనీ, సమాచారం అందించమనీ శాస్త్రజ్ఞులు పత్రికా ప్రకటనల ద్వారా ప్రజలను కోరుతుంటారు.

2022 డిసెంబరు 7న వికారాబాదు జిల్లా మర్పల్లి మండలంలోని మొగిలిగుండ్ల గ్రామంలో ఒక వింత గదివంటి యంత్రం ఆకాశం నుంచి దిగింది. చుట్టుపక్కల గ్రామాల ప్రజలు గుంపులుగా వచ్చి దానిని చూశారు. భవిష్యత్తులో యాత్రికులను బెలూన్ సాయంతో స్తరావరణానికి తీసుకుపోవాలని సంకల్పించిన స్పెయిన్ దేశపు హాలో స్పేస్ సంస్థ, హైదరాబాదు కేంద్రం నుంచి జరిపిన తొలి ప్రయోగంలోని మనుషులు లేని నమూనా అది. అటువంటి వస్తువును చూసినవారికి రెండు ప్రశ్నలు సహజంగా కలుగుతాయి. మొదటిది ‘ఇది ఏమిటి?’ అన్నది. రెండవది ‘దీనికి ఎంత ఖర్చయి ఉంటుంది?’ అన్నది. మొదటి ప్రశ్నకు ఆ రోజే సమాధానం దొరికింది. రెండవ ప్రశ్నకు సమాధానం చెప్పడం మాత్రం శాస్త్రజ్ఞులకు కూడా అంత సులభం కాదు.

బెలూన్ ప్రయోగాలు నేర్పే మొదటి పాఠం మితవ్యయం. 2005 ఏప్రిల్ 20న హైదరాబాదు నుంచి ఒక బెలూన్ 459 కిలోల పరికరాలతో పైకి ఎగిరింది. అందులో 38 కిలోల ద్రవ నియాన్ ఉంది. 20 నుంచి 41 కిలోమీటర్ల ఎత్తు వరకు అది గాలి నమూనాలను సేకరించింది. ఆ నమూనాలలో మూడు కొత్త రకాల సూక్ష్మజీవులు ఉన్నట్లు ఇస్రో 2009లో ప్రకటించింది. వాటిలో ఒకదానికి ఆర్యభట పేరు, మరొకదానికి ఇస్రో పేరు పెట్టారు. ఈ పనికి రాకెట్టు అవసరం కాలేదు. పరికరాలు తిరిగి చేతికి వచ్చాయి. కావలసిన పని బెలూన్‌తో తీరుతుంటే రాకెట్టుకు ఖర్చుపెట్టడం వివేకం కాదు. కాబట్టి అంచనా వేసేవాడు మొదట అడగవలసిన ప్రశ్న ‘ఎంత అవుతుంది?’ అన్నది కాదు. ‘ఏమి కావాలి?’ అన్నది.

అయితే అన్ని పనులూ బెలూన్‌తో తీరవు. భూమి చుట్టూ ఏళ్ళ తరబడి తిరగవలసిన ఉపగ్రహానికి రాకెట్టు తప్పదు. అక్కడి నుంచి లెక్క స్వరూపమే మారిపోతుంది. ఎడ్లబండి ఇరుసు విరిగితే దారిలో ఆపి బాగుచేసుకోవచ్చు. కక్ష్యలోకి చేరిన ఉపగ్రహంలో ఒక తీగె ఊడినా వెళ్ళి అతికించేవారు సాధారణంగా ఉండరు. అందువల్ల ప్రతి భాగాన్నీ నేల మీదనే కంపనానికి, శూన్యానికి, తీవ్రమైన వేడికి, చలికి గురిచేసి పరీక్షించాలి. ముఖ్యమైన భాగాలను రెండేసి చొప్పున అమర్చాలి. పైగా ఇటువంటి వస్తువులు వేల సంఖ్యలో తయారు కావు. ఒకటో రెండో తయారవుతాయి. ఆలోచనకు, రూపకల్పనకు, పరీక్షలకు అయిన ఖర్చంతా ఆ ఒక్కదాని మీదనే పడుతుంది. ఉపగ్రహంలోని లోహానికి అయ్యే ధర స్వల్పం. దానిమీద ఉంచవలసిన నమ్మకానికి అయ్యే ధరే అధికం.

ఇటువంటి వస్తువుకు ఖర్చును ముందుగా లెక్కకట్టడానికి శాస్త్రజ్ఞులు మూడు పద్ధతులను అనుసరిస్తారు. మొదటిది సాదృశ్య పద్ధతి. గతంలో చేసినదానితో పోల్చి, తేడాలకు తగినట్లు హెచ్చుతగ్గులు చేయడం ఇందులోని కీలకం. గని తవ్వించేవాడి లెక్క ఇదే. రెండవది ప్రమాణ పద్ధతి. ఉపగ్రహం బరువు, దానికి కావలసిన విద్యుత్తు, అది పంపే సమాచారం వంటి కొలతలకూ, ఖర్చుకూ గల సంబంధాన్ని పాత ప్రాజెక్టుల లెక్కల నుంచి సూత్రంగా రాబట్టి, కొత్తదానికి వర్తింపజేస్తారు. మేస్త్రీ చదరపు అడుగుల లెక్క ఇటువంటిదే. అమెరికాలోని ర్యాండ్ సంస్థ 1950 దశకంలో విమానాలకు, క్షిపణులకు ఈ పద్ధతిని అభివృద్ధి చేసింది. మూడవది అడుగు నుంచి కూడుకొంటూ పోయే పద్ధతి. ప్రతి భాగానికీ, ప్రతి మనిషి గంటకూ, ప్రతి పరీక్షకూ విడివిడిగా ఖర్చు రాసి కూడతారు. ఇది కంది రైతు లెక్క.

ఈ మూడింటికీ తగిన సమయాలు వేరు. ఆలోచన మొగ్గ దశలో ఉన్నప్పుడు భాగాల పట్టిక ఉండదు కాబట్టి మొదటి రెండు పద్ధతులే శరణ్యం. రూపకల్పన ముగిసిన తరువాత మూడవది నమ్మదగినది. కాని అప్పటికి నిర్ణయాలన్నీ జరిగిపోయి ఉంటాయి. అంటే అంచనా ఎక్కువ ఉపయోగపడే సమయంలో అది తక్కువ ఖచ్చితంగా ఉంటుంది. పూర్తి ఖచ్చితత్వం వచ్చేనాటికి దానివల్ల ఒనగూడే ప్రయోజనం తగ్గిపోతుంది. ఈ విద్యలోని అసలు చిక్కు ఇదే.

ఒకే వస్తువును మళ్ళీమళ్ళీ తయారుచేస్తే ఖర్చు తగ్గుతుందన్నది కూడా లెక్కలోకి తీసుకోవలసిన విషయం. టి.పి.రైట్ అనే అమెరికా ఇంజనీరు 1936లో విమానాల తయారీని పరిశీలించి, ఉత్పత్తి సంఖ్య రెట్టింపు అయిన ప్రతిసారీ ఒక్కో విమానానికి పట్టే శ్రమ సుమారు 20 శాతం తగ్గుతున్నదని గమనించాడు. చేయి తిరిగిన కొద్దీ పని సులువవుతుందని పనివారందరికీ తెలిసినదే. రైట్ దానిని గణిత సూత్రంగా నిలబెట్టాడు. ఒక్క ఉపగ్రహంతో సరిపెట్టే దేశానికి ఈ లాభం దక్కదు. ఒకే నమూనా రాకెట్టును పదేపదే వాడే దేశానికి దక్కుతుంది.

భారతదేశపు తొలి ఉపగ్రహం ఆర్యభట 1975 ఏప్రిల్ 19న సోవియట్ రాకెట్టు మీద అంతరిక్షానికి చేరింది. 360 కిలోల ఆ ఉపగ్రహానికి మన దేశం సుమారు 3 కోట్ల రూపాయలు వెచ్చించింది. ప్రయోగాన్ని సోవియట్ యూనియన్ ఉచితంగా చేసిపెట్టింది. యు.ఆర్.రావు నాయకత్వంలో యువ ఇంజనీర్లు బెంగుళూరు సమీపంలోని పీణ్య పారిశ్రామిక వాడలోని షెడ్లలో దానిని నిర్మించారు. కక్ష్యలోకి చేరిన కొద్ది రోజులకే విద్యుత్ లోపం వల్ల అందులోని శాస్త్ర ప్రయోగాలు ఆగిపోయాయి. అయినా ఆ 3 కోట్లు వృథా పోలేదు. ఉపగ్రహం ఎలా కట్టాలో తెలిసిన ఒక తరం తయారయింది. ఖాతా పుస్తకంలో ఇటువంటి ఆదాయానికి గడి ఉండదు.

ఆ తరం, దాని తరువాతి తరం కలిసి సాధించిన విజయమే మంగళయాన్. 2013 నవంబరు 5న శ్రీహరికోట నుంచి బయలుదేరిన ఈ నౌక 2014 సెప్టెంబరు 24న అంగారకుని కక్ష్యను చేరింది. దీనికి అయిన ఖర్చు 450 కోట్ల రూపాయలు. సుమారు 65 కోట్ల కిలోమీటర్ల ప్రయాణం కాబట్టి కిలోమీటరుకు ఏడు రూపాయలు పడిందనీ, ఆటో కిరాయి కంటే ఇది చవక అనీ దేశమంతటా చెప్పుకొన్నారు. ఈ పోలిక వినసొంపుగా ఉన్నది. కాని లెక్కగా నిలవదు. ఆటో ప్రతి కిలోమీటరుకూ ఇంధనం కాలుస్తుంది. అంతరిక్ష నౌక ఒకసారి వేగం అందుకొన్న తరువాత కోట్ల కిలోమీటర్లు దాదాపు ఇంధనం లేకుండానే సాగిపోతుంది. దాని ఖర్చు దూరంతో పెరగదు. బరువుతో, పరికరాల సంక్లిష్టతతో, కోరిన నమ్మకంతో పెరుగుతుంది. తప్పు కొలబద్దతో కొలిస్తే విజయం కూడా వక్రంగానే కనిపిస్తుంది.

మంగళయాన్ చవకగా పూర్తికావడానికి వేరే కారణాలు ఉన్నాయి. చంద్రయాన్-1 కోసం అభివృద్ధి చేసిన నిర్మాణాన్నే కొద్ది మార్పులతో వాడుకొన్నారు. అప్పటికే నమ్మకం సంపాదించిన పి.ఎస్.ఎల్.వి. రాకెట్టునే ఎంచుకొన్నారు. ఆ రాకెట్టుకు నౌకను నేరుగా అంగారకుని దారి పట్టించే బలం లేదు. అందువల్ల భూమి చుట్టూ కక్ష్యను అంచెలంచెలుగా పెంచి, చివరకు బయటకు పంపారు. డబ్బు లేనిచోట బుద్ధిని ఖర్చుచేయడం అంటే ఇదే. ఇంజనీర్ల జీతాలు పాశ్చాత్య దేశాలకంటే తక్కువ కావడం మరొక కారణం. అయితే నౌకలోని శాస్త్ర పరికరాల బరువు సుమారు 15 కిలోలు మాత్రమే. అదే కాలంలో అంగారకుని చేరిన అమెరికా నౌక మావెన్ మోసుకుపోయిన పరికరాలు దానికి నాలుగు రెట్లకు పైగా బరువైనవి. ఖర్చును పోల్చేటప్పుడు పనిని కూడా పోల్చాలి. లేకపోతే అది పొగడ్త అవుతుంది కాని అంచనా కాదు.

చంద్రయాన్ లెక్కలు మరొక నీతిని బోధిస్తాయి. 2019 జులై 22న బయలుదేరిన చంద్రయాన్-2కు 978 కోట్ల రూపాయలు అయ్యాయి. అదే సంవత్సరం సెప్టెంబరులో దాని ల్యాండరు చంద్రుని మీద దిగే చివరి ఘడియల్లో కూలిపోయింది. 2023 ఆగస్టు 23న చంద్రయాన్-3 చంద్రుని దక్షిణ ధ్రువ ప్రాంతానికి సమీపంలో క్షేమంగా దిగింది. దానికి సుమారు 615 కోట్ల రూపాయల అంచనా వేశారు. మొదటిదానికంటే రెండవది చవక అన్నది పైకి కనిపించే లెక్క. నిజానికి చంద్రయాన్-3 సమాచార ప్రసారానికి చంద్రయాన్-2 కక్ష్యానౌకను వాడుకొన్నది. అంతకంటే ముఖ్యంగా, తొలి వైఫల్యం చెప్పిన పాఠాన్ని వాడుకొన్నది. విజయం ధరలో ముందు పడిన దెబ్బ ధర కూడా కలిసి ఉంటుంది. ఆ దెబ్బను లెక్కలోంచి తీసివేసేవాడు తరువాతి అంచనాలో తప్పక మోసపోతాడు.

ప్రతి వస్తువునూ తానే తయారుచేసుకోవాలా, లేక కొనుక్కోవాలా అన్నది గృహస్థుకైనా, దేశానికైనా ఎదురయ్యే ప్రశ్నే. క్రయోజనిక్ ఇంజన్ విషయంలో మన దేశం ఈ ప్రశ్నను బాధతో ఎదుర్కొన్నది. బరువైన ఉపగ్రహాలను పైకి పంపాలంటే అతిశీతల ద్రవ ఇంధనాలతో పనిచేసే ఈ ఇంజన్ అవసరం. 1991లో గ్లావ్‌కాస్మోస్ అనే సోవియట్ సంస్థతో 235 కోట్ల రూపాయలకు ఒప్పందం కుదిరింది. ఇంజన్లతోపాటు వాటిని తయారుచేసే విజ్ఞానాన్ని కూడా ఇవ్వాలన్నది అందులోని ముఖ్యాంశం. 1992లో అమెరికా ఆంక్షలు విధించింది. 1993లో రష్యా విజ్ఞానాన్ని అందించడం నుంచి వెనుకకు తగ్గి, తయారైన అంచెలను మాత్రమే ఇవ్వడానికి అంగీకరించింది. మన దేశం సొంత ప్రయత్నానికి పూనుకొన్నది. స్వదేశీ క్రయోజనిక్ అంచెతో 2010 ఏప్రిల్ 15న జరిగిన తొలి ప్రయోగం విఫలమైంది. 2014 జనవరి 5న జరిగినది సఫలమైంది. ఒప్పందం నాటి నుంచి గెలుపు నాటికి ఇరవై మూడేళ్ళు గడిచాయి. కొనుగోలు ధరకు పక్కన ‘అమ్మేవాడు మాట తప్పితే’ అన్న వరుస ఒకటి ఉంటుందని ఆ అనుభవం నేర్పింది. కాలం కూడా ధనమేనన్న సంగతిని అంతకంటే గట్టిగా నేర్పింది.

సొంతంగా నేర్చిన విద్యను ఇతరులకు అప్పగించి, తయారైన వస్తువును కొనుక్కొనే రోజులు కూడా తరువాత వచ్చాయి. 2022లో అయిదు పి.ఎస్.ఎల్.వి. రాకెట్లను తయారుచేసే బాధ్యతను 860 కోట్ల రూపాయలకు హిందూస్థాన్ ఏరోనాటిక్స్, లార్సెన్ అండ్ టూబ్రో సంస్థల కూటమికి అప్పగించారు. అదే సంవత్సరం నవంబరు 18న హైదరాబాదుకు చెందిన స్కైరూట్ సంస్థ నిర్మించిన విక్రమ్-ఎస్ అనే చిన్న రాకెట్టు శ్రీహరికోట నుంచి సుమారు 89 కిలోమీటర్ల ఎత్తుకు ఎగిరింది. మన దేశంలో ప్రైవేటు సంస్థ నిర్మించి ప్రయోగించిన తొలి రాకెట్టు అదే. అది జరిగిన మూడు వారాలలోపే మొగిలిగుండ్లలో ఆ వింత యంత్రం దిగింది. అంతరిక్షం ప్రభుత్వాల గుత్త సొత్తుగా ఉన్న కాలం గడిచిపోతున్నదనడానికి ఈ రెండు సంఘటనలూ సాక్ష్యాలు.

అంచనాలు తప్పడం ఒక్క దేశపు దోషం కాదు. అమెరికా 1970 దశకం ఆరంభంలో అంతరిక్ష షటిల్‌ను తలపెట్టినప్పుడు, ఒక్కో ప్రయాణానికి సుమారు 1 కోటి 5 లక్షల డాలర్లు అవుతాయని లెక్క వేశారు. ఏడాదికి పదుల సంఖ్యలో ప్రయాణాలు ఉంటాయన్న ఊహ మీద ఆ లెక్క నిలిచింది. 1981 నుంచి 2011 వరకు ముప్పై ఏళ్ళలో జరిగినవి 135 ప్రయాణాలు మాత్రమే. మొత్తం ఖర్చును వాటికి పంచితే ఒక్కోదానికి వంద కోట్ల డాలర్లకు పైగా పడింది. రెండు షటిల్ నౌకలు, పద్నాలుగు నిండు ప్రాణాలు బలి అయ్యాయి. ఆ నష్టానికి ఏ అంచనా పట్టికలోనూ స్థానం లేదు. జేమ్స్ వెబ్ దూరదర్శిని కథ కూడా ఇటువంటిదే. వంద కోట్ల డాలర్లకు మించదన్న ఆశతో మొదలైన ఆ పథకం 2021 డిసెంబరు 25న ప్రయోగించే నాటికి సుమారు వెయ్యి కోట్ల డాలర్లకు చేరింది. 2010లో నియమించిన స్వతంత్ర సమీక్షా బృందం ఆ దోషం సాంకేతిక పనితీరులో లేదనీ, బడ్జెట్ వేయడంలో, నిర్వహణలో ఉన్నదనీ తేల్చింది.

అంచనా తక్కువకు తప్పడమే ఎందుకు ఎక్కువ? దీనికి గణితం కంటే మనస్తత్వమే ఎక్కువ కారణం. పెళ్ళికి ఒప్పించాలంటే ఖర్చు తక్కువ చెబుతారు. పథకాన్ని ఆమోదింపజేయాలంటే కూడా అంతే. పని సగంలో ఉన్నాక ఆపలేమన్న ధైర్యం వెనుక ఉంటుంది. ఈ బలహీనతను గుర్తించి నాసా 2009లో ఒక నియమం పెట్టుకొన్నది. పెద్ద పథకం ఏదైనా చెప్పిన ఖర్చులో, చెప్పిన గడువులో పూర్తయ్యే అవకాశం 70 శాతం ఉండేటట్లు బడ్జెట్ వేయాలన్నది ఆ నియమం. ఒక్క అంకెను చెప్పి సత్యమని నమ్మించడం కంటే, ఇంత నుంచి ఇంత వరకు కావచ్చునని నిజాయితీగా ఒప్పుకోవడం మేలని దాని సారాంశం.

అంచనా ఎక్కువకు తప్పిన సందర్భాలు కూడా లేకపోలేదు. స్పేస్ ఎక్స్ సంస్థ ఫాల్కన్-9 రాకెట్టును సుమారు 30 కోట్ల డాలర్లతో అభివృద్ధి చేసింది. అదే రాకెట్టును పాత పద్ధతిలో చేసి ఉంటే దాదాపు 400 కోట్ల డాలర్లు అయ్యేవని నాసా వారి ప్రమాణ సూత్రం 2011లో లెక్క చూపింది. సూత్రంలో గణిత దోషం లేదు. పాతకాలపు అలవాట్లు ఆ సూత్రంలో గడ్డకట్టి ఉన్నాయి. గతం నుంచి పుట్టిన లెక్క గతాన్నే మళ్ళీ చూపుతుంది. పని తీరు మారినప్పుడు లెక్క కూడా మారాలి.

మన గగన్‌యాన్ పథకానికి 2018లో 9,023 కోట్ల రూపాయలు మంజూరయ్యాయి. 2024 సెప్టెంబరులో కేంద్ర మంత్రివర్గం ఆ మొత్తాన్ని 20,193 కోట్లకు పెంచింది. పైకి చూస్తే ఇది రెట్టింపును మించిన పెరుగుదల. అయితే అంతరిక్ష కేంద్రానికి చెందిన తొలి విభాగాన్ని, అదనపు ప్రయోగాలను ఈ సవరణలో చేర్చారు. రెండు గదుల ఇల్లు నాలుగు గదులయితే దానిని అంచనా తప్పడం అనలేము. పని పెరగడం వల్ల పెరిగిన ఖర్చునూ, లెక్క తప్పడం వల్ల పెరిగిన ఖర్చునూ వేరుచేసి చూడగలగడం చదువుకొన్న పౌరుని లక్షణం.

ఇంత చెప్పినా ఒక మూలప్రశ్న మిగిలే ఉంటుంది. వానకోసం ఆకాశం వైపు చూసే రైతు ఉన్న దేశం ఆకాశానికి ఇన్ని కోట్లు ఎందుకు ఖర్చుపెట్టాలి? ఇది కొట్టిపారేయదగిన ప్రశ్న కాదు. సమాధానం కూడా లెక్కలోనే వెతకాలి. 1977 నవంబరులో దివిసీమను ముంచెత్తిన ఉప్పెనలో దాదాపు పదివేల మంది ప్రాణాలు కోల్పోయారు. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను విశాఖపట్నాన్ని తాకినప్పుడు ఆస్తినష్టం అపారమైనా, ఆ రాష్ట్రంలో ప్రాణనష్టం పదుల సంఖ్యకే పరిమితమైంది. ఈ తేడా అంతా ఉపగ్రహాల వల్లనే అనడం అతిశయోక్తి. రాడార్లు, తుపాను ఆశ్రయాలు, ప్రజలను ముందుగా తరలించిన ఉద్యోగుల శ్రమ అందులో కలిసి ఉన్నాయి. కాని తుపాను ఎక్కడ ఉన్నదో రోజుల ముందు నుంచి చూపిన కన్ను ఆకాశంలో ఉన్నది. హైదరాబాదులోని జాతీయ దూర సంవేదన కేంద్రానికి షాద్‌నగర్‌లో చేరే ఉపగ్రహ చిత్రాలు పంట విస్తీర్ణాన్ని, కరువును, వరదను, భూగర్భ జలం ఉండే చోట్లను తెలుపుతున్నాయి. ఖర్చును ఒక్క వైపునే రాసి, ఫలితాన్ని రెండో వైపున రాయని పుస్తకం సగం పుస్తకమే.

అయినప్పటికీ ఆ ఫలితం పేరు చెప్పి ఎంతైనా ఖర్చుపెట్టవచ్చునని కాదు. ప్రజాధనంలోని ప్రతి రూపాయికీ మరొక ఉపయోగం ఉంటుంది. చెల్లని లెక్కతో అంతరిక్షానికి పోయిన కోటి రూపాయలు ఒక ఊరి బడికో, వైద్యశాలకో అందకుండా పోయినవే. అందుకే అంచనా వేయడం కేవలం గణిత విద్య కాదు. అది ధర్మం కూడా. తెలిసినదాన్ని తెలిసినట్లు, తెలియనిదాన్ని తెలియనట్లు రాయడం, కష్టకాలానికి కొంత పక్కన పెట్టడం, పాత దెబ్బలను మరువకపోవడం ఆ ధర్మంలోని అంగాలు.

తాండూరు రైతు తొలకరికి ముందు తన లెక్క తాను వేసుకొంటాడు. వాన రాకపోవచ్చునని అతనికి తెలుసు. వచ్చినా పంటకు ధర రాకపోవచ్చునని కూడా తెలుసు. అయినా విత్తనం వేస్తాడు. భయపడి విత్తనం వేయనివాడికీ, లెక్క లేకుండా అప్పుచేసి వేసేవాడికీ మధ్య అతని దారి ఉన్నది. ఆకాశంలోకి నౌకలను పంపే దేశానికి కూడా అనుసరణీయమైన దారి అదే. నింగి ఎంత ఎత్తున ఉన్నా దానికి వేసే లెక్క నేలమీదనే మొదలవుతుంది.